పంచెతో ఎగిరి తన్నిన రోజు

కూతురు పల్లవి కరాటే పోటీకి ముందురోజు ఆమెను వెక్కిరించడం ముమ్మాటికీ నా తప్పే. మాది ముదిగుబ్బ. వాకిట్లో నేనూ నా భార్యా విత్తనానికి వేరుశనక్కాయలు వలుస్తున్నాం. జపాన్ కార్టూన్‌లో చూసినట్టే పల్లవి తలెత్తున కాలు లేపి తన్నడం సాధన చేస్తోంది.

“ఏమ్మే, కార్టూన్ బొమ్మల మాదిరి తన్నేదీ ఒక విద్యేనా? నేనూ తంతా!” అన్నాను.

“ఏదీ, తన్ను నాయనా, సూస్తా.”

“పంచె మీదనా? గమ్మునుండబ్బా!” అంది నా భార్య.

ఎగిరాను. కాలు పంచెలో చిక్కుకుని పల్లవి మీద పడ్డాను. నాకేమీ కాలేదు. ఆమె చీలమండ వాచి, పోటీకి వెళ్లలేకపోయింది. ఏడవలేదు. నాతో మాట్లాడనూ లేదు.

వాపు తగ్గాక అనంతపురం వెళ్లి, తన్నడానికి ప్యాడ్ కొనుక్కొచ్చాను. రోజూ నేనే పట్టుకుంటున్నాను.

“ఇంగా పైకెత్తు నాయనా,” అంటుంది.

మొన్న ఒక తన్ను గురితప్పి నా చెవికి తగిలింది. ప్యాడ్ దించలేదు.