చప్పనమ్మ నాలుక

ఊరికి నీళ్ళిచ్చే ఊట దగ్గర ఆవిడ ఉద్యోగం ఒక్కటే. పొద్దున్నే దోసెడు నీళ్ళు నోట్లో పోసుకుని, పుక్కిలించి ఉమ్మి, పుస్తకంలో "చప్పన" అని రాయడం. ఉప్పు తగిలితే "ఉప్పన" అని రాయాలి. ఆ మాట కనబడితే మోటారు వేయకూడదు. పందొమ్మిదేళ్ళలో రెండో మాట రాసే అవసరమే రాలేదు గనక, ఊరంతా ఆవిడని చప్పనమ్మ అనే పిలుస్తుంది. ఉప్పు కొలిచే యంత్రం ఒకటి వచ్చింది గాని, ఏడాది తిరక్కుండానే ఉప్పుగాలికి తుప్పుపట్టి గోడకి అలంకారమైంది.

ఈమధ్య ఆవిడకి జలుబు చేసింది. జలుబు పోయింది, పోతూ పోతూ రుచిని వెంట తీసుకుపోయింది. ఆ సంగతి ఎవరికీ చెప్పలేదు. నీళ్ళు రుచి చూసే మనిషి నాలుక పోయిందని ఏ మొహం పెట్టుకుని చెప్పుకుంటుంది? "పందొమ్మిదేళ్ళ చప్పన, నాలుగు రోజుల్లో ఎక్కడికి పోతుందిలే" అని తనకి తనే సర్దిచెప్పుకుంది. రోజూ పుక్కిలించి, కళ్ళు మూసుకుని ఆలోచించినట్టు నటించి మరీ రాసేది. "మీ శ్రద్ధ ఇంకెవరికీ రాదండీ" అని మోటారు ఆపరేటరు మెచ్చుకోవడం కూడా అప్పుడే మొదలైంది.

తొమ్మిదో రోజు పొద్దున అలాగే రాసేసి ఇంటికొచ్చి, కోడలు పెట్టిన కూరంతా ఊడ్చేసింది.

"అత్తయ్యా, ఉప్పు సరిపోయిందా?"

"కొలిచి వేసినట్టుంది."

కోడలు గరిటె కింద పెట్టింది. "మరిచిపోయి రెండుసార్లు వేశాను. మీ అబ్బాయి ఒక్క ముద్ద తిని, చెంబుడు నీళ్ళు తాగి లేచిపోయాడు."

చప్పనమ్మ పొలమారినట్టు దగ్గింది. ఎంత సాగదీసినా కోడలు చూపు తిప్పలేదు.

ఆ దగ్గు ఆగకముందే తమ్ముడు గుమ్మంలోకి వచ్చాడు. అడుగున గాజు పలక బిగించిన పడవలో చూడవచ్చినవాళ్ళకి పగడాల దిబ్బ చూపించడం అతని పని.

"అక్కా, దిబ్బ సందులో చల్లటి ఊట వచ్చేది చూడు, అది నిన్నట్నుంచి రావడం లేదు. చెయ్యి పెడితే గోరువెచ్చగా ఉంది. పక్కనున్న పగడాలు కూడా పాలిపోతున్నాయి."

ఊరి ఊట, ఆ ఊట ఒకే నేల కిందివి. ఈ ఉద్యోగం తనకి ముందు వాళ్ళమ్మది. "మంచినీళ్ళు బయటికి తోస్తున్నంతసేపే సముద్రం గడప అవతల ఉంటుందే" అనేది ఆవిడ. రెండేళ్ళుగా వాన సరిగ్గా లేదు. మోటారు మాత్రం రెండు పూటలా నడుస్తోంది. ఒకసారి ఉప్పు లోపలికి వచ్చాక ఇంకా తోడితే, ఊట మళ్ళీ మంచినీళ్ళకి తిరగడానికి ఏళ్ళు పడుతుంది.

గడియారం చూసింది. తొమ్మిదీ నలభై. పదింటికి ట్యాంకు నీళ్ళు ఊరి మీదికి వదులుతారు.

"పద!" అని కోడలి చెయ్యి పట్టుకుంది.

ఆ వయసులో ఆవిడ పరుగు చూసి వీధిలో ఇద్దరు మంటలేమైనా లేచాయేమోనని వెనక్కి చూశారు.

"మోటారు ఆపు," అంది రొప్పుతూ.

ఆపరేటరు పుస్తకం చూపించాడు. "ఎలా ఆపనండీ? చప్పన అని మీరే రాశారు. ఇంజినీరు గారడిగితే ఏం చెప్పమంటారు?"

ఇప్పుడే ఉప్పెక్కిందని చెబితే సరిపోతుంది. అతను నమ్ముతాడు, పరువు దక్కుతుంది. కానీ ఉప్పు ఏ రోజు వచ్చిందో ఎవరికీ తెలియదు. ఒక్కపూట తేడా అనుకుని రేపే మళ్ళీ మోటారు వేస్తారు.

"నాకు రుచి తెలియడం లేదు నాయనా. తొమ్మిది రోజులుగా ఊరికే రాస్తున్నాను."

గోడ మీది యంత్రం మాట్లాడినా అతను అంత తెల్లబోయేవాడు కాదు.

ఈలోగా కోడలు దోసిలి పట్టి నీళ్ళు నోట్లో పోసుకుని, మొహం ముడిచి ఉమ్మేసింది. "ఉప్పే అత్తయ్యా. కొంచెమే, కానీ ఉప్పే."

"మీ నాలుక మీద ఇంట్లో కూరేదైనా మిగిలిందేమో," అన్నాడు ఆపరేటరు అనుమానంగా.

"నేనింకా తిననేలేదు. వండినవాళ్ళు ఆఖర్న తింటారని మీ ఇంట్లో చెప్పలేదా?"

అతను తనే ఒక గుక్క పుక్కిలించి చూసుకున్నాడు. ఉమ్మాక వెళ్ళి మీట దించి, ట్యాంకు వాల్వు కూడా తెరవకుండా తాళం వేశాడు. మోటారు హోరు ఆగేసరికి కింద ఊట గలగల వినబడింది, చాలా సన్నగా.

చప్పనమ్మ పుస్తకం తీసుకుని తొమ్మిది "చప్పన"లూ ఒక్కొక్కటే కొట్టేసింది. పక్కన తొమ్మిదిసార్లు "తెలియదు" అని రాసి, ప్రతిదానికీ సంతకం పెట్టింది.

ఊట తేరుకునేదాకా వాననీటి తొట్టి నుంచి ఇంటికి రెండు బిందెలే అన్నారు. మర్నాడు వరస చివర బిందెతో నిలబడితే, ముందు నుంచి ఎవరో అడగనే అడిగారు.

"ఏమ్మా, ఇవాళ కూడా చప్పనేనా?"

"నన్నడక్కండి. పుస్తకం మా కోడలి చేతికిచ్చాను."

మధ్యాహ్నానికల్లా ఊరు ఆ పిల్లకి ఉప్పనమ్మ అని పేరు పెట్టేసింది.