తలుపుల మీద బొమ్మలేసిన మేనత్త

మేనత్త పోయిందని నాన్న ఫోన్ చేసిన గంటకే తెలుగు సంఘం వాట్సాప్‌లో సంతాపం దిగింది. "మన తెలుగు ఆడపడుచు" అట. పక్కన దణ్ణం పెట్టే చేతులు, బోలెడు పువ్వులు. బతికున్నన్నాళ్లూ ఆవిడను ఆ మాట అనడానికి వీళ్లలో ఒక్కరికీ నోరు రాలేదు.

మేనత్త చైనీయుల బిడ్డ. మలేసియాలో సుంగై సిపుట్ రబ్బరు తోటలో ఉన్నప్పుడు, ఆడపిల్ల వద్దనుకున్న ఒక కుటుంబం దగ్గర్నుంచి మా నానమ్మ నెలల పసికందుగా తెచ్చి పెంచుకుంది. ముఖం వాళ్లది. మాట, తిండి, కోపం అచ్చం నానమ్మవి. చారులో పులుపు తగ్గితే కంచం పక్కకు నెట్టేసేది. మనవాళ్లు చాటుగా చీనాపిల్ల అనేవారు. చైనీస్ కాఫీ కొట్టులో ఆవిడ చేత్తో అన్నం కలుపుకుంటే వాళ్లు ముఖం తిప్పుకునేవారు. ఇద్దరి బుద్ధీ ఒకటే.

బొమ్మలు నేర్చుకోవడానికి కౌలాలంపూర్ వెళ్లినప్పుడు ఒక ఇంటాయన ఆవిడ చైనీస్ ముఖం చూసి నవ్వుతూ అద్దెకు గది చూపించాడు. వెనకాలే నానమ్మ మెట్లెక్కి వచ్చేసరికి, గది వేరేవాళ్లకు ఇచ్చేశానన్నాడు. భారతీయులకు ఇవ్వనని ముఖం మీద చెప్పే ధైర్యం కూడా లేని మనిషి. అప్పటినుంచి మేనత్త కూల్చేసిన ఇళ్ల తలుపులు ఏరి తెచ్చి, గది దొరకనివాళ్ల ముఖాలు వాటి మీద గీసేది. లారీకెత్తించి అలాంటి ఇళ్ల ముందే నిలబెట్టేది. పోలీసులు తీయించేస్తే మళ్లీ వెళ్లేది.

"నన్ను సూసి తీసినాడు, అమ్మను సూసి మూసినాడు. ఆ తలుపు మీదే బొమ్మేసినాను, అంతే లా," అనేది, ఇక్కడివాళ్లందరిలాగే చివర 'లా' తగిలించి.

చిన్నప్పుడు బళ్లో నన్ను ఏడిపిస్తే ఆవిడ దగ్గరికే పరిగెత్తేదాన్ని. నువ్వెవలవని అడిగినోడిని ముందు ఆడెవడో సెప్పమను, అనేది. ఈ దేశంలో తలెత్తుకు తిరగడం నాకు నేర్పింది ఆవిడే.

ఒకసారి మేనత్త సంఘం హాల్లో ఆ తలుపులు పెడతానంటే, ఉగాది పూట ఇవేం బొమ్మలు, నెమళ్లు వెయ్యమ్మా అన్నాడు అధ్యక్షుడు. ఆయనగారి కళాభిరుచి నెమలి దగ్గర ఆగిపోయింది.

అంత్యక్రియల రోజు వాకిట్లో ముందు కుర్చీలో ఆయనే. మావైపు ఆడది పోతే పుట్టింటివాళ్లు తెచ్చిన కొత్త చీర కప్పాకే పాడె లేపుతారు. సుంగై సిపుట్ నుంచి నాన్న ఇంకా రాలేదు. పంతులు తొందరపెడుతున్నాడు. మేనత్త భర్త, మా మావయ్య, వీధివైపు చూస్తున్నాడు. ఆవిడకు పుట్టింటివైపు ఎవరూ లేరు కదా, సంఘమే కప్పుతుందంటూ అధ్యక్షుడు లేచాడు. చేతిలో సంఘం పేరు అచ్చేసిన శాలువా సిద్ధంగా ఉంది. మావయ్య తల దించుకున్నాడు.

శాలువా ఆవిడ కాళ్ల దాకా వచ్చింది. అప్పుడు నాన్న గొంతు వినబడింది.

"ఎవల్లేరని సెప్పినారేటి? నాను దాని అన్నని. పక్కకి రండి."

పసుపు చీర తనే మడత విప్పి కప్పాడు. పంతులు చెంగు ముఖం మీదికి లాగబోతే నాన్న ఆపి, దాన్ని గడ్డం కింద దోపాడు. పాడె లేచేదాకా, ఆ ముఖం మీద ఎండ పడకుండా తన చెయ్యి అడ్డం పెట్టుకుని అక్కడే నిలబడ్డాడు.