దొర పక్కన నిలబడ్డవాడి మనవడు

మంగళవారం పొద్దున పిల్లల్ని స్కూల్లో దింపే కార్ల వరసలో ఉండగా మెసేజ్ వచ్చింది. అమెరికాలో మేముండే ఫ్రిస్కో ఊరి తెలుగు ఫెలోషిప్‌లో ఇంగ్లీషు ప్రసంగాన్ని తెలుగులో చెప్పే అంకుల్ 'ప్రభువునందు నిద్రించారు' అని. ఆయనే చదివి ఉంటే, "పోయాడు అని రాస్తే సరిపోయేదిగా" అని ఉండేవారు. ఆ మాట ఆయన గొంతులోనే వినబడి నవ్వొచ్చింది, ఆ వెంటనే ఏడుపొచ్చింది. వెనక కారువాళ్లు హారన్ కొట్టేదాకా కదల్లేదు.

మాది ఆదివారం మధ్యాహ్నం ఒక అమెరికన్ చర్చి హాల్లో చేరే చిన్న ఫెలోషిప్. ఆ చర్చి పాస్టరు గారే మాకూ వాక్యం చెబుతారు. పిల్లలకు ఇంగ్లీషు చాలు, ఇండియా నుంచి వచ్చిన అమ్మానాన్నలకు తెలుగు కావాలి. ఆ పని అంకుల్‌ది. గుంటూరు జిల్లా మనిషి, రిటైరైన సివిల్ ఇంజనీరు. ప్రసంగానికి ముందు గోరువెచ్చని నీళ్లు తాగి, చేతి వాచీ తీసి జేబులో వేసుకునేవారు. "పాస్టర్లకే లేని టైము నాకెందుకమ్మా?" అనేవారు. పాస్టరు గారు బేస్‌బాల్ ఉదాహరణ ఎత్తుకుంటే దాన్ని క్రికెట్‌గా మార్చేవారు కాదు. "బేస్‌బాల్ అని ఒక ఆట. నాకూ తెలీదు. ఓడిపోయారని ఈయన బాధ మాత్రం తెలుస్తోంది" అని చెప్పేవారు.

ఆయన తాత ఇంగ్లీషువాళ్ల కాలంలో మిషన్ ఉపదేశి, అంటే ఊరూరా తిరిగి వాక్యం చెప్పేవాడు. సంత రోజున ఎడ్లబండి ఆపి, రెండు కీర్తనలు పాడి జనాన్ని పోగేస్తే, సీమ నుంచి కొత్తగా దిగిన దొర బండెక్కి ఇంగ్లీషులో మొదలుపెట్టేవాడట. తాత పక్కన నిలబడి తెలుగు చేసేవాడు. "మీ విగ్రహాలు మిమ్మల్ని నరకానికి ఈడుస్తాయి" అని దొర అంటే, "ఇంత ఎండలో నిలబడి విన్నందుకు దేవుడు మిమ్మల్ని చల్లగా చూస్తాడు" అని తాత చెప్పేవాడు. మర్నాడు ఆ ఊళ్లో దోసిలి పట్టి మంచినీళ్లు అడగాల్సింది తాత గాని దొర కాదు గదా. కొన్నాళ్లకు దొర శ్రద్ధగా తెలుగు నేర్చుకున్నాడు. "దొరకి తెలుగొచ్చింది, మా తాతకి పని పోయింది" అని అంకుల్ పడీ పడీ నవ్వేవారు.

నవ్వు ఆగాక మాత్రం ఆయన ముఖం మారిపోయేది. "తాత మంచితనం నాకిష్టమేనమ్మా. కానీ దొర నోట్లో తన మాట పెట్టాడు. విన్నవాళ్లకి అది మోసమే. అట్లాగని దొరని తిట్టలేను, మా నాయనమ్మకి అక్షరాలు దిద్దించింది ఆయనే."

"మరి మీ తాతగారు ఏం చేసుండాల్సింది అంకుల్?" అని అడిగాను.

"అదే ఇంకా ఆలోచిస్తున్నా" అన్నారు.

ఆ జవాబు పోయిన ఏడాది ఒక ఆదివారం దొరికింది. మా ఆయన వాళ్లు హిందువులు, నేను క్రైస్తవురాలిని. కరీంనగర్ దగ్గర పల్లెలో ఉండే మా అత్తమ్మ ఈ పెళ్లికి మనసారా ఒప్పుకోవడానికి చాలా కాలం పట్టింది. అలాంటి మనిషి, ఇంట్లో ఒక్కదాన్నే ఏం చేయాలంటూ, మొదటిసారి నా వెంట ఫెలోషిప్‌కి వచ్చి బొట్టుతో ముందు వరసలో కూర్చున్నారు. ఆ రోజే వేరే ఊరి నుంచి గెస్ట్ ప్రీచర్ వచ్చాడు. విగ్రహాలకు మొక్కే మీ పెద్దవాళ్లు నరకానికి పోతుంటే మీకు చీమ కుట్టినట్టయినా లేదా అన్నాడు. ఇంగ్లీషు వచ్చినవాళ్లమంతా తలలు దించుకున్నాం. ఇన్నేళ్లకు కలిసిన మా మనసులు ఇక విరిగిపోతాయనుకున్నాను.

అంకుల్ తెలుగులో, "ఇక్కడ ఆయన ఒక మాట అన్నారు. అది నేను చెప్పడం లేదు" అన్నారు. చెప్పలేదన్న సంగతి ప్రీచర్‌కీ ఇంగ్లీషులో చెప్పారు. ప్రీచర్ ముఖం ఎర్రబడింది.

మీటింగ్ అయ్యాక అత్తమ్మ తిన్నగా ఆయన దగ్గరికే వెళ్లారు. "ఏమన్నడన్నా ఆయన?"

"మీలాంటివాళ్లు నరకానికి పోతారన్నాడు చెల్లెమ్మా."

"గంతేనా! మా ఊర్ల పాస్టరు పొద్దుగాల్నే మైకుల చెప్తడు. మరి నువ్వెందుకు చెప్పకపోతివి?"

"మాట ఆయనదైనా నోరు నాది గదమ్మా. ఈ నోటితో మిమ్మల్ని అనలేను. మీరే వచ్చి అడిగాక దాచలేను."

అత్తమ్మ ఆయన్ని ఎగాదిగా చూసి, తన ప్లేట్‌లోని సమోసా తీసి ఆయన ప్లేట్‌లో వేశారు. ఆ క్షణాన ఆయన కాళ్లకు దణ్ణం పెట్టాలనిపించింది నాకు.

ఆ తర్వాత కమిటీవాళ్లు ఆయన్ని కొన్నాళ్లు స్టేజి ఎక్కనివ్వలేదు. ఆయన ఎవరితోనూ వాదించలేదు, వెనక కూర్చుని పాటలు పాడారు. చివరికి పాస్టరు గారే ఇంటికెళ్లి పిలుచుకొచ్చారు. మనసుకు నచ్చని మాటను మార్చకుండా, మోయకుండా కూడా ఉండొచ్చని నేను నేర్చుకున్నది ఆయన దగ్గరే. ఆఫీసు మీటింగుల్లో సైతం అది ఎన్నిసార్లు పనికొచ్చిందో చెప్పలేను.

శనివారం ఫ్యునరల్ జరిగింది. ఈసారీ అత్తమ్మ ఇక్కడే ఉన్నారు, నా పక్కనే కూర్చున్నారు. తెలుగు చెప్పడానికి ఎవర్నీ పెట్టలేదు. పాస్టరు గారు ఇంగ్లీషులో, యేసును నమ్మినవాళ్లే ఈయన్ని మళ్లీ చూస్తారు అన్నారు. అలవాటు కొద్దీ తెలుగు కోసం ఆగారు.

అత్తమ్మ నా చెయ్యి తట్టారు. "ఏమన్నడు బిడ్డా?"

కొంచెం మార్చి చెప్పడం ఎంతసేపు? నోటిదాకా వచ్చింది కూడా. "యేసును నమ్మినవాళ్లే అంకుల్ని మళ్లీ చూస్తారట అత్తమ్మా" అన్నాను.

ఆమె ముందున్న శవపేటిక వైపు చూశారు.

"గట్లనా. అయితే ఇప్పుడే మంచిగ సూసుకుంట" అని లేచారు.

పెట్టె మూత తెరిచే ఉంది. అంతమంది చూస్తుండగా నడిచి వెళ్లి, దాని అంచు పట్టుకుని, ఆయన ముఖంలోకి వంగి చూస్తూ నిలబడ్డారు. పాస్టరు గారు తర్వాతి వాక్యం మొదలుపెట్టలేదు.