తాతయ్య ట్యాంకర్‌లో నీళ్లు కదిలిన రోజు

మొన్న వేసవికి మీరిద్దరూ పుణె నుంచి వట్లూరు వచ్చి చేసిన గోల తలుచుకుంటే ఇప్పటికీ నవ్వొస్తుందర్రా. అందులో మీకు తెలియని ముక్క ఒకటుంది, అది చెప్తాను.

ఆ స్టీరింగూ పెడళ్లూ తెచ్చి మన భోజనాల బల్లకి బిగించారు కదా. టీవీలో లారీ తోలే ఆట. గుంటలో పడితే టైరు నొక్కుకుంటుంది, గుద్దితే రేకు నలుగుతుంది, అచ్చం నిజం బండేనని ఒకటే చెప్పడం. తాతయ్య ఒక్కసారి కూర్చుని, నీళ్ల ట్యాంకర్ తోలి, గట్టిగా బ్రేకేసి చూసి లేచిపోయారు.

“లోపల నీళ్లు కదల్లేదర్రా. ఇదేం బండి!”

మరి ఆయన ముప్పై ఏళ్లు ఆకివీడు నుంచి వ్యానులో చేపపిల్లల్ని తోలిన మనిషి. వెనకాల టార్పాలిన్ పరిచి, నీళ్లు పోసి, అందులో పిల్లల్ని వదిలి, దెందులూరు చెరువులకీ తాడేపల్లిగూడెం అవతలకీ తీసుకెళ్లేవారు. వెనక నీళ్లు ఎటు ఊగుతున్నాయో ఆయనకి నడుముతోనే తెలిసేదట. క్లచ్ తొక్కితే మోకాలు పట్టేస్తోందని వ్యాను అమ్మేశాక, మళ్లీ స్టీరింగ్ ముట్టుకోలేదు.

వారం తిరక్కుండా మీ ఆటకి అప్‌డేట్ వచ్చింది. పొద్దున్నుంచీ మీ అమ్మ ఫోనులో నెట్టంతా అదే తాగేసింది.

“తాతయ్యా, ఇప్పుడు నీళ్లు కదుల్తాయంట! రండి!”

నాన్నా, నువ్వు మొదటి మలుపులోనే బోల్తా కొట్టించావు. తల్లీ, నువ్వు వాణ్ని చూసి పడీపడీ నవ్వి, అదే మలుపులో నువ్వూ అంతే. “తాతయ్యకి ఇవి పడవులే” అని మీరనుకుంటుంటే, ఆయన మంచినీళ్ల వంకతో వంటింట్లోకి వచ్చారు. మీకు తెలియని ముక్క ఇదే.

“ఏవే, చెయ్యి తిరక్కపోతే? నేనూ పడేస్తే, ఇన్నాళ్లూ చెప్పిందంతా కోతలనుకోరూ పిల్లలు?” అన్నారు మెల్లగా. మోకాలు నెప్పికి కూడా అంత దిగులుపడలేదు ఆయన.

“ఏవండీ, అది పడిపోతే మీట నొక్కగానే లేచి నుంచుంటుందట. మన వ్యానుకుందా ఆ భాగ్యం? వెళ్లండి” అన్నాను. నవ్వేశారు. నేనూ చేతిలో గరిటె పెట్టుకునే వెనకాలే వచ్చాను.

మలుపు ఇంకా దూరం ఉండగానే బ్రేకు తొక్కారు. వదిలారు. నీళ్లు ముందుకొచ్చి వెనక్కి వెళ్లేదాకా ఆగి, అప్పుడు తిప్పారు. బండి అటూ ఇటూ ఊగి, నిలబడింది. “అబ్బో!” అన్నారు మీరిద్దరూ. రెండో మలుపూ దాటింది. అక్కడ రోడ్డు పక్కకి తీసి ఆపేశారు.

“ఎందుకాపారు తాతయ్యా? టైమైపోతోంది!”

“నీళ్లు చిలకొద్దూ? గాలాడక పిల్లలు చచ్చిపోవూ?”

“అందులో చేపలు లేవు తాతయ్యా!”

“లేవా? మరి ఉత్త నీళ్లు ఇంత దూరం దేనికిరా?”

ఆయన తప్పేం లేదు. దారిలో ఎక్కడికక్కడ ఆపి, వెనకెక్కి చేతుల్తో నీళ్లు చిలకడమే జన్మంతా అలవాటు. చెప్పినా వినకుండా ఇంకోచోట ఆపారు. మీరు నేలమీద దొర్లారు నవ్వలేక. టైమైపోయి ఎర్రక్షరాలు పడ్డా, ఊరు చేరేదాకా తోలారు.

“ఫెయిలయ్యారు తాతయ్యా!”

“బండి పడిందా?”

“లేదు.”

“చుక్క ఒలికిందా?”

“లేదు.”

“మరి నన్ను ఫెయిల్ చేసిందెవడ్రా?”

అంతే, ఇద్దరూ లేచి ఆయన దగ్గరికొచ్చేశారు. తర్వాత “ముందు నాకు నేర్పండి” “కాదు, నాకు” అని ఆ కుర్చీ దగ్గర తోపులాట. ఆయన మొహం చూడాలి అప్పుడు! మీ చెయ్యి మీద చెయ్యి వేసి, “ఇంకా తిప్పకు... నీళ్లు రానీ... ఆఁ, ఇప్పుడు” అంటూ నేర్పించారు.

అన్నానికి మూడుసార్లు పిలిచాను. మూడోసారి ఆయనే, టీవీ మీంచి కళ్లు తిప్పకుండా, “ఉండవే, పల్లంలో ఉన్నాం. ఇప్పుడు లేస్తే బండి పడిపోద్ది” అన్నారు.