కోటు వేసుకున్న సాంబయ్య

నాచారం పారిశ్రామికవాడ గేటు ఎదుట కొమురెల్లి ఫోటో స్టూడియోలో ఒక నల్లకోటు ఎప్పుడూ మేకుకు వేలాడుతుండేది. ఫ్యాక్టరీ కార్డుకు ఫోటో దిగడానికి వచ్చిన ప్రతివాడికీ అదే కోటు. పొట్టివాడైతే కొమురెల్లి వెనక పిన్నులు పెట్టేవాడు, లావువాడైతే గుండీలు వదిలేయమనేవాడు. పదకొండేళ్లుగా దిగిన ముఖాలన్నీ కంప్యూటర్లో, వాటి నకళ్లు విడిగా ఒక హార్డ్ డిస్కులో దాచాడు. 'మీ ముఖం మా దగ్గర భద్రం' అని బోర్డు మీద రాయించుకున్నాడు. వచ్చేవాళ్లలో చాలామంది బతుకు మొత్తం మీద దిగింది ఆ ఒక్క ఫోటోనే. పోయాక పెద్దది చేయించి దండ వేసేదీ దానికే.

డిస్కు బీరువాలో ఉండేది. 2013 దసరాకు దాన్నీ పూజలో పెట్టాడు. కంప్యూటర్‌కు తగిలించి, రెంటినీ కలిపి ఎర్రదారం చుట్టాడు. పూజలో కట్టిన దారం దానంతట అది తెగాలి తప్ప మనిషి తెంపకూడదని వాళ్లింట్లో పట్టింపు. డిస్కు ఇక బీరువా ఎక్కలేదు.

నవంబరులో ఒక శనివారం వెంకటనర్సమ్మ వచ్చింది. భర్త సాంబయ్య పనిలో ఉండగానే గుండె ఆగి పోయాడు. గురువారం పదకొండోరోజు, ఫోటో కావాలంది. కొమురెల్లికి ఆ మనిషి గుర్తున్నాడు. కోటు తొడుక్కుని అద్దంలో చూసుకుని ఒకటే నవ్వు; నవ్వొద్దన్నా ఆపలేదు. మంచి ఫ్రేము తెప్పించి బుధవారానికి ఇస్తానన్నాడు.

సోమవారం పొద్దున కొరియర్ రసీదు పేరుతో మెయిల్ వచ్చింది. పెళ్లి ఆల్బమ్ రావలసి ఉంది కనుక తెరిచాడు. మధ్యాహ్నానికి ఒక్క ఫోటో కూడా తెరుచుకోలేదు. తెర మీద ఎర్రటి హెచ్చరిక, పక్కన తరిగిపోతున్న గడియారం. మూడు రోజుల్లో డబ్బు కట్టాలట.

పై వాటాలో ఉండే సుష్మది రాజమండ్రి; ఉప్పల్‌లో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. దిగి వచ్చి చూసింది.

"ఆ మెయిల్ పంపినవాళ్లు ఫైళ్లన్నిటికీ తాళం వేసేశారు అంకుల్. తాళంచెవి వాళ్ల దగ్గరుంది. కంప్యూటర్‌కు తగిలించి ఉన్నదాన్ని దేన్నీ వదల్లేదు. డిస్కు విడిగా పెట్టుంటే బతికేది."

"పూజల కట్టిన దారమమ్మా. ఎట్ల తెంపుత?"

ఆమె తెర మీది హెచ్చరిక చదివింది. వాళ్లడిగేది నోట్లు కాదని, ఇంటర్నెట్లో మాత్రమే చెల్లే ఏదో డబ్బని, కట్టినా తాళం తీస్తారన్న నమ్మకం లేదని చెప్పింది. ఆ డబ్బు ఎక్కడ దొరుకుతుందో బజారులో ఎవరికీ తెలియలేదు.

బుధవారం కొమురెల్లి ఖాళీ చేతులతో వెంకటనర్సమ్మ గదికి వెళ్లి జరిగింది చెప్పాడు. ఫ్యాక్టరీ కార్డు ఫ్యాక్టరీ వాళ్లే తీసేసుకున్నారు. ఇంట్లో మిగిలింది ఓటరు కార్డు. అది తెచ్చి చూపించింది. ముఖం ఉండవలసిన చోట నల్లటి మరక.

"గీడు మా ఆయన గాదన్నా, ఎవడో దొంగ," అంది. నవ్వబోయి ఆగిపోయింది. కార్డు పక్కన పెట్టి అడిగింది: "గా కోటు ఉన్నదా?"

"ఉన్నది."

"గా కోటన్నా ఇయ్యి. గది ఏసుకున్ననాడే జర దొరలెక్క నవ్విండట. ఇంటికొచ్చి మస్తు సార్లు చెప్పిండు."

గురువారం రేకుల గదిలో కుర్చీకి కోటు తొడిగి బంతిపూల దండ వేశారు. వచ్చినవాళ్లలో సగం మంది ఎప్పుడో ఒకప్పుడు ఆ కోటు తొడుక్కున్నవాళ్లే. కొమురెల్లి గడప దగ్గర నిలబడి, అన్నం తినకుండానే వచ్చేశాడు.

మర్నాడు బోర్డు మీద ఆ మాట చెరిపించాడు. ఎర్రదారం ఇంకా తెగలేదు.