పదోవాడు

ఫెజ్ నగరంలో, ఒకప్పుడు యూదులుండే మెల్లా పేటలో, వాళ్ళ పాత ప్రార్థన మందిరాలు యాత్రికులకి చూపించే అల్లాల్, గడప దగ్గరే నెత్తిన యూదులు పెట్టుకునే చిన్న టోపీ సర్దుకుని, వేలాడే దీపాలకేసి చెయ్యి చాచి, ముప్ఫై ఏళ్ళుగా "మా మందిరం, మా పెద్దలు" అంటూనే ఉన్నాడు. నువ్వెవరని అడిగినవాళ్ళు లేరు, తనూ చెప్పలేదు. ఆ రోజు వచ్చిన గుంపులోంచి ముసలి అమ్రాం అతని చెయ్యి పట్టుకున్నాడు. "మా నాన్న ఈ సందులోనే పుట్టాడయ్యా. ఆయన పేర ప్రార్థన చెప్పుకోవాలి. పదిమంది యూదు మగవాళ్ళుంటేగానీ చెల్లదు, మేం తొమ్మిదిమందిమి. దేవుడే నిన్ను చూపించాడు, రా తమ్ముడూ!" అల్లాల్‌కి తల కొట్టేసినట్టయింది. టోపీ తీసి చేతుల్లో నలిపాడు. "నేను ముసల్మాన్‌ని, అమ్రాం గారూ." ముసలాయన కోప్పడలేదు. చేతిలో తెరిచి ఉన్న ప్రార్థన పుస్తకాన్ని ముద్దుపెట్టుకుని మూసేశాడు. "సరే, మిగతావి చూపించు," అన్నాడు. అల్లాల్ అలవాటుగా చెయ్యి చాచాడు. "ఇవి... మీ దీపాలు," అన్నాడు.