సగం తలిస్తే సగమే

కరీంనగర్‌లో నేను పనిచేసే ఆస్పత్రి గేటు దగ్గర ఒక టీ బండి ఉంది. ఈమధ్య ఆ బండి ఆయన గ్యాసు మానేసి బొగ్గు పొయ్యి పెట్టాడు. మొన్న పొద్దున డ్యూటీకి వెళ్తుంటే పచ్చిబొగ్గు పొగ గుప్పుమంది. అందరూ ముక్కు మూసుకుని తప్పుకుంటుంటే నేను మాత్రం నిలబడి మరీ పీల్చాను. నాకది పుట్టింటి వాసన. గోదావరి ఒడ్డున మా గనుల కాలనీలో ఇంటింటి ముందూ అదే పొగ. ఆ పొగలోనే, పక్క క్వార్టరు ముందు మంచం వాల్చుకుని కూర్చునేవాడు కొమురయ్య పెద్దబాపు. మాకు చుట్టమేమీ కాదు. ఆయన పోయి నాలుగేళ్లయింది. నేనిలా ఉన్నానంటే సగం ఆయన వల్లే. మిగతా సగం ఎవరి వల్లో కూడా చెప్తాను.

గనిలో బండ పడి కాలు దెబ్బతిన్నాక ఆయనకు పైన లాంపు రూములో పని ఇచ్చారు. షిఫ్టుకు దిగేవాళ్లకు కిటికీలోంచి టోపీ లాంపు అందించాలి, పైకి వచ్చాక తిరిగి తీసుకోవాలి. ఎవరి లాంపు రాకపోతే ఆ మనిషి ఇంకా కిందే ఉన్నట్టు. సాయంత్రమైతే మా పిల్లల మందకు లోదేశం కథలు చెప్పేవాడు. అది గనిలో చిట్టచివరి బొగ్గు పొరకు కూడా కింద ఉంటుందట. అక్కడ ఎవరు ఏది తల్చుకుంటే అది నిజమైపోతుంది. ఎంత హాయి అనుకుంటాం కదా! కానీ అక్కడో మెలిక ఉంది. ఒక రాజు మేడ తల్చుకున్నాడు, మెట్లు తల్చుకోవడం మరిచాడు. పాపం, బతికినన్నాళ్లూ అన్నం గిన్నెను తాడుతో పైకి లాక్కున్నాడు.

"సగం తలిస్తే సగమే అయితది బిడ్డా. గది లోదేశపు కానూన్. నిండుగ తల్వాలె," అనేవాడు.

కథలో మేమూ ఏదో ఒకటి తల్చుకోవాలి. నేనోసారి ఏనుగును తల్చుకున్నాను. తొండం, తోక, కాళ్లు, దంతాలు అన్నీ చెప్పి గొప్పగా చూశాను. "చెవులేవే?" అన్నాడు. అంతే, నెల రోజుల కథలో నా ఏనుగు చెవిటిదే. ఎంత పిలిచినా రాదు. నేను ఏడ్చి గోల పెట్టినా ఆయన చెవులు పెట్టనివ్వలేదు. అంత మొండి మనిషి.

ఇంటర్ అయ్యాక నాకు కరీంనగర్‌లో నర్సింగు సీటు వచ్చింది. గనిలో పనిచేసే మా నాన్న, అంటే మా బాపు, ఒక్కటే మాట అన్నాడు: "ఆడపిల్ల ఒక్కతి గంత దూరమా? ఒద్దు." రోజూ పాతాళానికి దిగి వచ్చే మనిషికి బస్సు ప్రయాణమంటే భయమేమిటని నాకు ఒళ్లు మండింది. చేరడానికి వారమే గడువు. సోమవారం బాపు మొదటి షిఫ్టులో ఉండగా వెళ్లిపోవాలని సర్టిఫికెట్లు, రెండు జతల బట్టలు సర్దుకున్నాను. మెచ్చుకుంటాడన్న ధీమాతో పెద్దబాపుకు మాత్రం చెప్పాను.

"మంచిగున్నది. నిండుగ తల్చుకున్నవా మరి?"

"తల్చుకున్న. బస్సెక్కుత, దిగుత, కాలేజీల చేరుత."

"గనిలకెల్లి నీ బాపు పైకొస్తడు. ఇంటికి పోతడు, నువ్వుండవు. తెల్లారి మల్ల లాంపు కోసం నా కిటికీ కాడికొస్తడు. గప్పుడు ఆయన మొకం ఎట్లుంటదే? గది తల్చుకున్నవా?"

అప్పుడు తల్చుకున్నాను.

"గసొంటి మొకంతోని దిగినోనికి నెత్తిమీది బండ కనవడది," అని తన కాలు నిమురుకున్నాడు. బండ పడిన రోజు తన మొహం ఎందుకలా ఉందో ఎన్నడూ చెప్పలేదు, నేనూ అడగలేదు. నాకు ఏడుపు ఆగలేదు.

ఆ సాయంత్రమే ఆయన కుంటుకుంటూ మా ఇంటికి, బాపు దగ్గరకు వచ్చాడు. నేనూ, మేం అవ్వ అని పిలిచే మా అమ్మా తలుపు వెనక నిలబడ్డాం.

"పోశం, పిల్ల పోతె ఏమైతదని నీ బుగులు?"

"జరమొస్తె ఎవలు చూస్తరన్నా? ఎవడన్న ఏమన్న అంటె? ఏమన్న అయితె?"

"సగమైంది. మిగిలింది చెప్పు."

"మిగిలింది ఏముంటది?"

"మంచిగ సదివితె? నలుగురి పానం కాపాడితె? గది గూడ తల్వాలె గద తమ్మీ! ఏనుగుకు దంతాలే పెట్టి పరేషానైతె ఎట్ల?"

బాపు చేతిలో బీడీ దానంతటదే ఆరిపోయింది. చివరికి అవ్వను పిలిచి, "హాస్టల్ల బువ్వ ఎట్లుంటదో ఏమో," అన్నాడు. తలుపు వెనక అవ్వ నా చెయ్యి గట్టిగా పట్టుకుంది.

మంచిర్యాల బస్టాండులో బాపు కిటికీలోంచి సంచి అందించి, ఊచ పట్టుకుని అలాగే నిలబడ్డాడు.

"అన్న చెప్పినట్టు నిండుగ తల్చుకున్న బిడ్డా. నువ్వు మంచిగైనట్టు తల్చుకున్న. చెడ్డది గూడ తల్చుకున్న. నువ్వు మల్ల రానట్టు గూడ."

"మరి?" అన్నాను.

"అయినా పో."

ఇరవై రెండేళ్లుగా ఈ వార్డుల్లో ఎన్నో భయాలు చూశాను. ఆపరేషను కాగితం మీద సంతకం పెట్టలేక వణికే వాళ్ల పక్కన కూర్చుని మిగతా సగం కూడా చెప్పిస్తాను. అది నాకు వచ్చిన విద్యే. కానీ ఈమధ్య మా పెద్దమ్మాయి పుణెలో చదువుతానంటోంది. వారం నుంచి నేనూ తల్చుకుంటున్నాను. మంచి సగం ఇట్టే వచ్చేసింది. రెండో సగం దగ్గరకు వచ్చాక అన్నం సహించడం లేదు. ఆ రెండు మాటలు అనడానికి మా బాపు ఏమేం చూసి వచ్చాడో నాకు ఇన్నాళ్లూ తెలియనే తెలియదు. పిల్లను పొమ్మనే అంటాను. ఇంకో రెండు రోజులు పడుతుంది, అంతే.